కరకరలాడే ఆల్చిప్పల పకోడీ: మూకుడులోని రసాయన శాస్త్రం

తెలుగువారి ఇండ్లలో ఆల్చిప్ప అనగానే పెద్దలకు ముందుగా గుర్తుకు వచ్చేది వంటకం కాదు, పనిముట్టు. మాగాయ పెట్టే రోజున మామిడికాయల చెక్కు తీయడానికి బండపై రుద్ది పదును చేసిన ఆల్చిప్పనే వాడేవారు. గోడలకు వేసే గుల్లసున్నం కూడ ఇటువంటి చిప్పలను కాల్చగా వచ్చినదే. తీరప్రాంతపు జాలరి కుటుంబాలను మినహాయిస్తే, చిప్పలోపలి మాంసాన్ని వండుకొని తినే అలవాటు తెలుగుదేశంలో అంతగా వ్యాపించలేదు.

అమెరికాకు వచ్చిన తరువాత ఈ పరిచయం తలక్రిందులయింది. ఇక్కడ చిప్పను పారవేసి మాంసాన్ని తింటారు. అట్లాంటిక్ తీరంలోను, మెక్సికో సింధుశాఖ తీరంలోను ఆయిస్టర్ పేరిట లభించే ఈ జీవి స్థానికులకు ఎంతో ప్రీతికరమైన ఆహారం. మేరీలాండ్, వర్జీనియా రాష్ట్రాలలోని చెసపీక్ అఖాత ప్రాంతంలో దీనిని జారుపిండిలో కలిపి గరిటెతో నూనెలో వేసి పకోడీలవలె వేయిస్తారు. లూయిజియానా, టెక్సస్ తీరాలలో మొక్కజొన్న పిండిలో దొర్లించి వేయించి, పొడవాటి రొట్టె నడుమ పెట్టుకొని తింటారు. బజ్జీలు, పునుగులు, గారెలు తిని పెరిగిన తెలుగువారికి ఈ రుచి కొత్తదైనా ఈ పద్ధతి కొత్తది కాదు. అందుచేత మాంసాహారులైన తెలుగు కుటుంబాలవారు దీనిని ఇంట ప్రయత్నించడంలో ఆశ్చర్యం లేదు.

అయితే ఆ ప్రయత్నంలో సాధారణంగా రెండు కష్టాలు ఎదురవుతాయి. మొదటిది, పైపొర కరకరలాడదు. మూకుడులోనుండి తీసిన అయిదు నిమిషాలకే మెత్తబడిపోతుంది. ఒక్కొక్కప్పుడు పిండి ఒకవైపు, మాంసం మరొకవైపు విడిపోతాయి. రెండవది, మాంసం రబ్బరువలె సాగుతుందేమో అన్న భయంతో తొందరపడి దింపివేయడం. మొదటిది కేవలం రుచికి సంబంధించినది. రెండవది ప్రాణానికి సంబంధించినది. ఈ రెండు సమస్యలకు పరిష్కారం ఒకటే కావడం ఇందులోని విశేషం. పైపొరను కరకరలాడించే పరిస్థితులే లోపలి మాంసాన్ని నిరపాయంగా ఉడికిస్తాయి. అది ఎట్లాగో వివరించడమే ఈ వ్యాసం ఉద్దేశం.

ఆల్చిప్పలో ఉన్నది ఏమిటి?

అమెరికా తూర్పు తీరంలోను, మెక్సికో సింధుశాఖలోను లభించే జాతికి శాస్త్రీయ నామం క్రాసోస్ట్రియా వర్జినికా. చిప్ప తీసిన 100 గ్రాముల మాంసంలో 85 నుండి 89 గ్రాముల వరకు నీరే ఉంటుంది. మాంసకృత్తులు సుమారు 6 గ్రాములు, కొవ్వు 2 గ్రాముల లోపు. మిగిలినదానిలో ముఖ్యమైనది గ్లైకోజెన్ అనే పిండిపదార్థం. దీనికున్న కమ్మదనానికి ఈ గ్లైకోజెన్, గ్లూటమిక్ ఆమ్లం, మరికొన్ని అమినో ఆమ్లాలు కారణం. జింకు అనే ఖనిజం ఆల్చిప్పలో ఉన్నంతగా మరే సామాన్యాహారంలోను ఉండదు. 100 గ్రాములలోనే పెద్దవారికి ఒక రోజుకు కావలసినదానికంటె ఎన్నో రెట్లు ఎక్కువ లభిస్తుంది.

వంటకు సంబంధించినంతవరకు గమనించవలసినది నీటినే. వంకాయలో కూడ నీరు 90 శాతానికి పైగా ఉంటుంది కదా, వంకాయ బజ్జీ చక్కగా వస్తుంది కదా అని అడుగవచ్చు. తేడా నిర్మాణంలో ఉంది. కూరగాయలలోని కణాలకు సెల్యులోజ్‌తో చేసిన గట్టి గోడలు ఉంటాయి. అవి వేడికి మెత్తబడినా నీటిని చాలవరకు పట్టి ఉంచుతాయి. ఆల్చిప్ప మాంసానికి ఆ గోడలు లేవు. వేడి తగిలినప్పుడు దాని మాంసకృత్తుల అణువులు ముడుచుకొని, తడిబట్టను పిండినట్లు నీటిని బయటకు నెట్టివేస్తాయి. ఆ నీరు నేరుగా పైనున్న పిండిపొరలోకి వచ్చి చేరుతుంది. అంటే ఈ పకోడీలో పైపొర నిరంతరం లోపలినుండి తడిసిపోతూ ఉంటుంది. ఆ తడిని ఎప్పటికప్పుడు ఆవిరిగా మార్చి పంపివేయగలిగితేనే కరకర నిలుస్తుంది.

కరకర అనగా నేమి?

కరకర అనే మాట ధ్వన్యనుకరణం. తెలుగువారు ఈ గుణానికి శబ్దాన్నిబట్టి పేరు పెట్టడం ఎంతో సమంజసమని శాస్త్రజ్ఞులు తరువాత నిరూపించారు. 1976లో జాటా వికర్స్, మాల్కమ్ బోర్న్ అనే ఆహార శాస్త్రజ్ఞులు ఈ గుణాన్ని నోటితో తెలుసుకొనేది మాత్రమే కాక చెవితో తెలుసుకొనేదిగా కూడ ప్రతిపాదించారు. పంటి క్రింద పెళుసైన పొరలు ఒకదాని తరువాత ఒకటి విరిగేటప్పుడు వెలువడే చిన్న చిన్న శబ్దాల సముదాయమే కరకర. 2004లో మాసిమిలియానో జాంపీని, చార్లెస్ స్పెన్స్ అనే పరిశోధకులు ఆలుగడ్డ చిప్స్ తింటున్నవారి చెవులకు వారు నమిలే శబ్దాన్నే పెంచి వినిపించారు. అవే చిప్స్ మరింత తాజాగా, మరింత కరకరలాడుతున్నట్లు వారికి అనిపించాయి.

ఒక పొర పెళుసుగా విరగాలంటే దానిలోని పదార్థం గాజు స్థితిలో ఉండాలి. ఇక్కడ గాజు అంటే కిటికీ అద్దం కాదు. అణువులు కదలడానికి వీలులేకుండా ఎక్కడివక్కడ బిగుసుకొనిపోయిన స్థితిని రసాయన శాస్త్రంలో గాజు స్థితి అంటారు. పిండిలోని స్టార్చి అణువులు పొడవాటి గొలుసులు. నీరు సమృద్ధిగా ఉన్నప్పుడు, 60 నుండి 75 డిగ్రీల సెల్సియస్ మధ్య, స్టార్చి రేణువులు నీటిని పీల్చి ఉబ్బి గంజివలె జిగురుగా మారతాయి. వేడి ఇంకా పెరిగి నీరు ఆవిరైపోగా ఆ గొలుసులు దగ్గరై బిగుసుకొంటాయి. అప్పుడు పొర గాజు స్థితికి చేరుతుంది.

ఈ స్థితికి శత్రువు నీరే. నీటి అణువులు గొలుసుల నడుమ దూరి, వాటిని మళ్ళీ జారేటట్లు చేస్తాయి. ముసురు పట్టిన రోజున డబ్బా మూత తీసి ఉంచిన జంతికలు, వేయించిన అప్పడాలు మెత్తబడడం ప్రతి ఇంటా చూసినదే. గాలిలోని తేమ వాటిని గాజు స్థితినుండి దించివేస్తుంది. ఆల్చిప్పల పకోడీకి ఆ తేమ బయటి గాలినుండి రానక్కరలేదు, లోపలే ఉంది.

ఏ పిండి? ఎందుకు?

మైదాలో గ్లూటెనిన్, గ్లయాడిన్ అనే రెండు రకాల మాంసకృత్తులు ఉన్నాయి. నీరు పోసి కలిపినప్పుడు ఇవి పెనవేసుకొని గ్లూటెన్ అనే సాగే వలగా ఏర్పడతాయి. చపాతీకి ఈ సాగుదల అవసరం. పకోడీకి అది ఆటంకం. గ్లూటెన్ వల నీటిని పట్టి ఉంచుతుంది, వేగిన తరువాత పొరను తోలువలె చేస్తుంది. అయితే అది బొత్తిగా లేకపోతే పిండి మాంసానికి అంత బలంగా పట్టుకోకపోవచ్చు. కనుక కొంత మైదా ఉండాలి, దాని బలాన్ని తగ్గించే మరొక పిండి కూడ ఉండాలి.

ఆ మరొక పిండి బియ్యప్పిండి. బజ్జీల పిండిలో గుప్పెడు బియ్యప్పిండి కలిపితే కరకరలాడుతాయని తెలుగు గృహిణులకు తరతరాలుగా తెలుసు. బియ్యప్పిండిలో గ్లూటెన్ ఏర్పడదు. అది వేగేటప్పుడు పీల్చుకొనే నూనె కూడ మైదాకంటె తక్కువ. దీనికి కొద్దిగా మొక్కజొన్న స్టార్చి తోడైతే పొర పలుచగా, గట్టిగా వస్తుంది.

శనగపిండి మాటేమిటి? దానిలో గ్లూటెన్ లేదు గాని ఇతర మాంసకృత్తులు 20 శాతానికి పైగా ఉన్నాయి. వేడిలో అమినో ఆమ్లాలు, చక్కెరలు కలిసి గోధుమరంగును, కమ్మని వాసనను ఇచ్చే చర్యను ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ కమీల్ మయ్యార్ 1912లో వర్ణించాడు. ఆయన పేరనే దానిని మయ్యార్ చర్య అంటారు. మాంసకృత్తులు అధికంగా ఉన్న శనగపిండి ఈ చర్య వలన త్వరగా ఎర్రబడుతుంది. పైపొర రంగు చూసి దింపితే లోపలి మాంసం పచ్చిగానే ఉండిపోయే ప్రమాదం ఉంది. పాలు, గ్రుడ్డు కలిపిన జారుపిండికి కూడ ఇదే దోషం. బియ్యప్పిండి, స్టార్చి నిదానంగా రంగు తిరుగుతాయి. లోపల ఉడకడానికి కావలసిన వ్యవధి పైపొర మాడకుండానే లభిస్తుంది. ఆల్చిప్పల విషయంలో ఈ ఎంపిక రుచికోసం మాత్రమే కాదు.

పిండిని కలపడానికి బాగా చల్లార్చిన సోడానీరు శ్రేష్ఠం. చల్లదనం గ్లూటెన్ ఏర్పడడాన్ని మందగింపజేస్తుంది. చల్లని నీటిలో కార్బన్ డై ఆక్సైడ్ ఎక్కువగా కరిగి నిలుస్తుంది. నూనెలో పడగానే ఆ వాయువు విడివడి పిండిలో సన్నని బుడగలను సృష్టిస్తుంది. బుడగల నడుమ గోడలు పలుచనైనకొద్దీ నీరు త్వరగా ఆవిరవుతుంది. పంటి క్రింద విరగవలసిన పొరల సంఖ్య కూడ పెరుగుతుంది.

తినే సోడా విషయంలో మాత్రం చేయి కట్టుకోవాలి. అది క్షారం. క్షారగుణం మయ్యార్ చర్యను వేగవంతం చేస్తుంది. మోతాదు మించితే పిండి స్పంజివలె మరీ గుల్లబారి నూనె లాగుతుంది, నాలుకకు సబ్బు రుచి తగులుతుంది. దానికి బదులు క్షారాన్ని సరితూచే ఆమ్లం కూడ కలిసి ఉన్న బేకింగ్ పౌడరు కొద్దిగా వేయడం మేలు.

నూనె వేడి, మూకుడు బరువు

కాగిన నూనెలో పకోడీ వేయగానే చిటపటలాడుతూ బుడగలు లేస్తాయి. ఆ బుడగలు మరుగుతున్న నూనెవి కావు, పిండిలోని నీరు ఆవిరై వెలువడడం వలన కలిగినవి. నూనె 190 డిగ్రీల సెల్సియస్ వద్ద ఉన్నా, నీరున్న చోట వేడి 100 డిగ్రీలు దాటదు. నీరంతా పోయిన పైపొర మాత్రమే అంతకు మించి వేడెక్కి, గట్టిపడి, రంగు తిరుగుతుంది. ఆవిరి బలంగా బయటకు తన్నుతున్నంతసేపు నూనె లోపలికి పోలేదు. నూనె వేడి చాలకపోతే ఆవిరి ప్రవాహం బలహీనమవుతుంది. పొర ఆరదు, నూనెతో తడుస్తుంది.

నూనె ఎక్కువగా లోపలికి పోయేది మూకుడులోనుండి తీసిన తరువాతనే అన్నది చాలామందికి తెలియదు. పకోడీ చల్లబడుతున్నకొద్దీ రంధ్రాలలోని ఆవిరి కుంచించుకొని నీరవుతుంది. అక్కడ ఏర్పడిన శూన్యం పైనంటి ఉన్న నూనెను లోపలికి లాగుతుంది. అందుచేత తీసిన మొదటి క్షణాలలోనే, వేడి తగ్గకముందే, చిల్లుల గరిటెను బాగా విదిలించి నూనెను ఓడ్చాలి.

ఇక వేడిని నిలబెట్టడం ఎట్లాగన్నది ప్రశ్న. చిన్న లెక్క వేసి చూడవచ్చు. ఒక లీటరు నూనె ఒక డిగ్రీ సెల్సియస్ చల్లబడితే సుమారు రెండు కిలోజౌళ్ళ వేడిని ఇస్తుంది. పిండి పట్టించిన పన్నెండు ఆల్చిప్పలు రమారమి 250 గ్రాములు తూగుతాయి. ఫ్రిజ్ చల్లదనంనుండి వాటిని ఉడికే వేడికి తేవడానికి 60 కిలోజౌళ్ళు, వాటినుండి 25 గ్రాముల నీటిని ఆవిరి చేయడానికి మరొక 56 కిలోజౌళ్ళు కావాలి. మొత్తం సుమారు 120 కిలోజౌళ్ళు. పొయ్యి తోడ్పాటును లెక్కించకపోతే నూనె వేడి 60 డిగ్రీలు పడిపోవాలి! పొయ్యి కొంత భర్తీ చేస్తుంది గాని, ఈ వేడిలో పెద్ద భాగం మొదటి నిమిషంలోనే కావలసి వస్తుంది. అపార్టుమెంట్లలో ఉండే విద్యుత్ పొయ్యిలు అంత త్వరగా అందుకోలేవు. అదే నాలుగు ఆల్చిప్పలు వేస్తే పడిపోయేది 20 డిగ్రీలు. దానిని పొయ్యి సులభంగా పూరించగలదు.

బరువైన పోత ఇనుప పాత్ర కూడ సాయపడుతుంది. నాలుగు కిలోల ఇనుము ఒక డిగ్రీకి నిలువచేసే వేడి ఒక లీటరు నూనె నిలువచేసే వేడికి దాదాపు సమానం. అంటే పలుచని పాత్రకు బదులు బరువైన పాత్ర వాడితే, నూనె పెంచకుండానే నూనెను రెట్టింపు చేసినంత ఫలితం.

నూనె విషయంలో శుద్ధి చేసిన వేరుశనగ నూనె, మొక్కజొన్న నూనె, కనోలా నూనె అనుకూలమైనవి. ఇవి 200 డిగ్రీల సెల్సియస్ దాటిన తరువాతనే పొగచూరుతాయి. శుద్ధి చేయని నువ్వులనూనె అంతకంటె చాలా ముందే పొగచూరుతుంది గనుక దీనికి పనికిరాదు. ఒకసారి వాడిన నూనెలో గాలి, నీరు, వేడి కలిసి కొవ్వు అణువులను విడగొట్టి, కొన్నింటిని ఒకదానితో ఒకటి అతికిస్తాయి. నూనె నల్లబడి, చిక్కబడి, నురుగు కట్టడం దానికి గుర్తు. అటువంటి నూనెను పారవేయవలసిందే.

మూడు నిమిషాల నియమం

ఆల్చిప్ప సముద్రపు నీటిని వడగట్టి ఆహారాన్ని సంపాదించుకొంటుంది. నీటిలోని సూక్ష్మజీవులు కూడ దాని దేహంలో పోగవుతాయి. వాటిలో రెండు ముఖ్యమైనవి. వెచ్చని ఉప్పునీటిలో సహజంగా పెరిగే విబ్రియో వల్నిఫికస్ అనే బాక్టీరియా ఒకటి, మురుగునీటి వలన చేరే నోరోవైరస్ మరొకటి.

విబ్రియో వల్నిఫికస్ సోకడం అరుదే. కాని సోకినవారిలో దాదాపు అయిదుగురిలో ఒకరు మరణిస్తారని, కొందరు జబ్బుపడిన ఒకటి రెండు రోజులలోనే మరణిస్తారని అమెరికా వ్యాధి నియంత్రణ, నివారణ కేంద్రాలు తెలుపుతున్నాయి. కాలేయ వ్యాధులు, మధుమేహం, కాన్సరు ఉన్నవారికి, రోగనిరోధక శక్తి తగ్గినవారికి ముప్పు మరింత ఎక్కువ. దక్షిణాసియా సంతతివారిలో మధుమేహం విస్తృతంగా ఉన్న సంగతి అందరికి తెలిసినదే. కనుక ఈ హెచ్చరిక తెలుగు కుటుంబాలకు ప్రత్యేకించి వర్తిస్తుంది.

ఈ సూక్ష్మజీవులు చేరిన ఆల్చిప్పకు రంగులోగాని, వాసనలోగాని, రుచిలోగాని ఏ తేడా ఉండదు. నిమ్మరసం పిండినా, కారపు సాస్ చల్లినా, మద్యంతోపాటు సేవించినా అవి నశించవు. ఆంగ్ల మాసాల పేర్లలో ఆర్ అక్షరం ఉన్న నెలలలో పచ్చివి తినవచ్చుననే పాత సామెత కూడ రక్షణ కాదు. సెప్టెంబరు, అక్టోబరు నెలలలో కూడ సింధుశాఖ జలాలు వెచ్చగానే ఉంటాయి. ఈ కారణంగానే కాలిఫోర్నియా రాష్ట్రం 2003లో, ఏప్రిల్ నుండి అక్టోబరు వరకు సింధుశాఖలో పట్టిన ఆల్చిప్పలను సూక్ష్మజీవులను తగ్గించే శుద్ధి చేయనిదే పచ్చిగా అమ్మరాదని నిషేధించింది.

వేడి ఒక్కటే నమ్మదగిన ఉపాయం. విబ్రియో వల్నిఫికస్ వేడికి త్వరగానే లొంగుతుంది. నోరోవైరస్ మొండిది, 145 డిగ్రీల ఫారెన్‌హీట్ వరకు బ్రతికి ఉండగలదు. కనుక చిప్ప తీసిన ఆల్చిప్పలను 375 డిగ్రీల ఫారెన్‌హీట్, అనగా 190 డిగ్రీల సెల్సియస్ వేడిగల నూనెలో కనీసం 3 నిమిషాలు వేయించాలని ప్రభుత్వ ఆరోగ్య సంస్థల సూచన.

ఈ నియమంలో వేడి, వ్యవధి రెండూ ముఖ్యమైనవే. పన్నెండింటిని ఒక్కసారిగా వేసి నూనెను చల్లార్చినవారు గడియారం ప్రకారం మూడు నిమిషాలు పూర్తిచేసినా నియమాన్ని పాటించినట్లు కాదు. పకోడీ మందం కూడ గమనించాలి. వేడి మధ్యకు చేరే కాలం మందానికి వర్గంగా పెరుగుతుంది. మందం రెట్టింపయితే కాలం నాలుగింతలవుతుంది. గరిటెడు పిండిలో మూడు నాలుగు ఆల్చిప్పలను కలిపి ముద్దగా వేస్తే నడిమివి పచ్చిగా ఉండిపోవచ్చు. పకోడీకి ఒక్క ఆల్చిప్ప చొప్పున వేయడం ఉత్తమం.

ఇప్పుడు మొదటి సమస్యను, రెండవ సమస్యను ప్రక్కప్రక్కన పెట్టి చూస్తే రెండింటి షరతులు ఒకటేనని తెలుస్తుంది. పూర్తి వేడిలో ఉన్న నూనె, కొద్ది కొద్దిగా వేయడం, పలుచని పొర, నిదానంగా రంగు తిరిగే పిండి, మూడు నిమిషాల ఓర్పు: వీటిలో ఏది తప్పినా పకోడీ మెత్తబడుతుంది, ప్రమాదమూ పెరుగుతుంది.

చేయు విధానం

కావలసినవి: చిప్ప తీసి సీసాలలో అమ్మే ఆల్చిప్పలు ఒక పింటు (సుమారు పాతిక నుండి ముప్పై అయిదు వరకు ఉంటాయి), బియ్యప్పిండి అర కప్పు, మైదా అర కప్పు, మొక్కజొన్న స్టార్చి పావు కప్పు, బేకింగ్ పౌడరు అర టీచెంచా, కారం ఒక టీచెంచా, మిరియాల పొడి అర టీచెంచా, నలిపిన వాము పావు టీచెంచా, ఉప్పు చిటికెడు మాత్రమే (ఆల్చిప్పలో సహజంగానే ఉప్పు ఉంటుంది), చల్లని సోడానీరు ముప్పావు నుండి ఒక కప్పు, పైన చల్లుకొనడానికి మరొక పావు కప్పు బియ్యప్పిండి, వేయించడానికి లీటరు నూనె, నూనె వేడిని కొలిచే థర్మామీటరు.

1. సీసాను వండే వరకు 40 డిగ్రీల ఫారెన్‌హీట్‌కు మించని ఫ్రిజ్‌లో ఉంచాలి. చిప్పలను ఇంట తెరవడం అలవాటు లేనివారికి ప్రమాదకరం. చేతికి గాయమైతే ఆ గాయంగుండా కూడ విబ్రియో ప్రవేశించగలదు.

2. ఆల్చిప్పలను జల్లెడలో వేసి రసం ఓడ్చి, కాగితపు తువ్వాళ్ళపై పరచి, పైనుండి కూడ అద్ది పూర్తిగా తడి లేకుండా చేయాలి. తడి మిగిలితే పిండి పలుచనవుతుంది. మాంసానికి, పిండికి నడుమ ఆవిరి పుట్టి పొరను ఊడదీస్తుంది.

3. పొడి బియ్యప్పిండిలో ఒక్కొక్కదానిని దొర్లించి విదిలించాలి. ఈ పొడిపొర మిగిలిన తడిని పీల్చుకొని, జారుపిండి పట్టుకొనడానికి ఆధారమవుతుంది.

4. నూనెను మూకుడులో సగానికి మించకుండా పోసి 375 డిగ్రీల ఫారెన్‌హీట్ వరకు కాచాలి. నీరు ఆవిరిగా మారినప్పుడు దాని పరిమాణం సుమారు 1,700 రెట్లు పెరుగుతుంది. చిటపటకు, నూనె పొంగడానికి కారణం అదే. పిల్లలను దూరంగా ఉంచాలి. నూనె అంటుకొంటే పొయ్యి ఆపి మూత పెట్టాలి. ఎట్టి పరిస్థితిలోను నీరు పోయరాదు.

5. నూనె కాగిన తరువాతనే జారుపిండి కలపాలి. పొడులన్నీ కలిపి, చల్లని సోడానీరు పోసి, గరిటెతో పది పదిహేనుసార్లు మాత్రమే త్రిప్పాలి. చిన్న ఉండలు మిగిలినా నష్టంలేదు. అట్లపిండివలె జారుగా ఉంటే చాలు.

6. ఆల్చిప్పను పిండిలో ముంచి, అదనపు పిండిని అంచుకు రాచి, నూనెలో మెల్లగా జార్చాలి. ఒక్కసారికి నాలుగైదుకు మించరాదు. వేసిన వెంటనే మంట పెంచి, నూనె వేడి 375కు తిరిగి చేరినప్పటినుండి మూడు నిమిషాలు లెక్కించాలి. మధ్యలో ఒకసారి త్రిప్పాలి.

7. వేగినకొద్దీ బుడగలు తగ్గుతాయి, చిటపట శబ్దం సన్నగిల్లుతుంది. అది పైపొరలో నీరు తగ్గిందనడానికి సూచన. బంగారు రంగు చాలు. ముదురు గోధుమరంగు వరకు పోనివ్వరాదు. 120 డిగ్రీల సెల్సియస్‌కు మించిన వేడిలో ఆస్పరజిన్ అనే అమినో ఆమ్లం, చక్కెరలు కలిసి అక్రిలమైడ్ అనే హానికర పదార్థం ఏర్పడుతుంది; ఆహారంలో అది ఏర్పడుతుందని స్వీడన్ శాస్త్రజ్ఞులు 2002లో వెల్లడించారు. రంగు ముదిరినకొద్దీ దాని పాలు పెరుగుతుంది.

8. తీసి విదిలించి, తీగజల్లెడపై ఉంచాలి. పచ్చివాటిని ఉంచిన పళ్ళెంలో వేగినవాటిని పెట్టరాదు. ప్రతి వాయికి ముందు నూనె మళ్ళీ కాగిందో లేదో చూసుకోవాలి.

వడ్డించేవరకు

కాగితం పరచిన పళ్ళెంలో ఒకదానిపై ఒకటి పోగు వేస్తే, అడుగువాటి ఆవిరి పైవాటిని మెత్తబరుస్తుంది. తీగజల్లెడపై గాలి అన్నివైపుల ఆడుతుంది గనుక ఆవిరి వెళ్ళిపోతుంది. అతిథులు వచ్చేవరకు నిలువ ఉంచవలసివస్తే జల్లెడతో సహా 200 డిగ్రీల ఫారెన్‌హీట్ ఓవెన్‌లో అరగంట వరకు ఉంచవచ్చు.

ఉగాదికి, దీపావళికి జరిగే సామూహిక విందులకు వేపుళ్ళను అల్యూమినియం తొట్టెలో పెట్టి, పైన రేకు బిగించి తీసుకొనిపోవడం పరిపాటి. హాలుకు చేరేసరికి బజ్జీలన్నీ మెత్తబడి ఉండడం కూడ పరిపాటే. బిగించిన రేకు క్రింద ఆవిరి నీరై పైపొరకే తిరిగి చేరుతుంది. దారిలో గంటలకొద్దీ గోరువెచ్చగా ఉండడం ఆరోగ్యరీత్యా కూడ మంచిది కాదు. ఆల్చిప్పల పకోడీలు అప్పటికప్పుడు వేయించి వడ్డించదగినవే గాని మోసుకొనిపోదగినవి కావు. మిగిలినవాటిని రెండు గంటలలోపు ఫ్రిజ్‌లో పెట్టి, తినేముందు 400 డిగ్రీల ఫారెన్‌హీట్ ఓవెన్‌లో వేడి చేయాలి. మైక్రోవేవ్ ముందుగా లోపలి నీటిని వేడిచేసి పైపొరలోకి నెడుతుంది గనుక అది పనికిరాదు. పునుగులవలె రెండవసారి నూనెలో వేయిస్తే పైపొర బాగుపడుతుంది గాని లోపలి మాంసం మరింత నీరు కోల్పోయి రబ్బరవుతుంది.

చిప్ప జీవుల మాంసకృత్తులు సరిపడనివారు కొందరుంటారు. ఆ లక్షణాలకు ముఖ్యకారణమైన ట్రోపోమయోసిన్ అనే మాంసకృత్తి వేడికి నశించదు. బాగా వేయించినంతమాత్రాన అటువంటివారికి క్షేమం కాదు. అదే నూనెలో అప్పడాలు వేయించి వారికి పెట్టడం కూడ తగదు.

శాకాహారులు ఇదే జారుపిండిని ఆయిస్టర్ మష్రూమ్ అనే పుట్టగొడుగుతో ప్రయత్నించవచ్చు. చిప్ప ఆకారంలో ఉండడం వలన దానికి ఆ పేరు వచ్చింది. దానిలోను నీరు 90 శాతం వరకు ఉంటుంది. కనుక తడి ఆర్చడం, పొడిపిండి పట్టించడం, కొద్ది కొద్దిగా వేయడం అన్న నియమాలు యథాతథంగా వర్తిస్తాయి. మూడు నిమిషాల నియమం మాత్రం దానికి లేదు, రంగు చూసి తీయవచ్చు.

సముద్రతీరపు భోజనశాలలలోను, కార్యాలయాల విందులలోను మంచుగడ్డలపై పచ్చి ఆల్చిప్పలను నిమ్మచెక్కలతో అందంగా అమర్చి పెడతారు. మర్యాదకోసం ఒకటైనా రుచి చూడవలసివస్తుందని మొహమాటపడేవారు ఉంటారు. మధుమేహంగాని, కాలేయ వ్యాధిగాని ఉన్నవారు ఆ మొహమాటానికి తావివ్వరాదు. వారు ఆల్చిప్ప రుచి చూడదలచితే అందుకు తగిన చోటు మంచుగడ్డల పళ్ళెం కాదు, 375 డిగ్రీల వద్ద కాగుతున్న నూనె మూకుడు.